రెండు వందల మీటర్ల ఎడం

విదేశీ చిత్రీకరణల సదుపాయ మండలివారు ఆ ఏడాదిని రచయితల రక్షణ సంవత్సరంగా ప్రకటించారు. నిర్మాతల చేతుల్లో రచయితలు నలిగిపోతున్నారని పైవారెవరో ఒక సభలో విని చలించిపోయారట. చలించినవారు ఊరికే ఉండరు గదా, ఒక నిబంధన రాశారు. మన తీరంలో సినిమా తీసుకోవడానికి వచ్చే ప్రతి పరదేశి బృందంలోనూ నలుగుతున్న రచయిత ఉన్నాడేమో వెతకాలి, ఉంటే కాపాడాలి. నగరంలోని కార్యాలయానికి ఏడాదికి పన్నెండుమందిని కాపాడాలని లక్ష్యం కూడా పెట్టారు. ఫిబ్రవరి వచ్చేసింది. గోడమీది పట్టికలో ‘కాపాడబడిన రచయితలు’ అన్న గడిలో సున్నా చెక్కుచెదరకుండా ఉంది.

సరిగ్గా ఆ సున్నా కింద, ఉపసంచాలకులు పసుమర్తి ఛాయాపతిగారి ఎదుట, మైలపిల్లి నూకరాజు ఒక ఇటలీ పెద్దమనిషిని తెచ్చి కూర్చోబెట్టాడు.

నూకరాజు ప్రొడక్షన్ మేనేజరు. బయటినుంచి వచ్చే సినిమావాళ్లకు ఈ తీరంలో ఇళ్లూ, వ్యానులూ, అనుమతులూ, ఎండకు గొడుగులూ కుదిర్చిపెట్టడం అతని పని. గంగడుపాలెం మత్స్యకారుడి కొడుకై ఉండి, ఒంటికి చేపల వాసన అంటకూడదని ఇరవై ఏళ్ల కిందట సినిమాల్లోకి దూకాడు. ఊళ్లో అందరి ఇళ్లూ ఏదో ఒక సినిమాలో పడేలా చేశాడు గానీ, వాళ్ల అయ్య ఎర్రయ్య కట్టిన పడవ మాత్రం ఇంతవరకు తెరకెక్కలేదు. మేకు అన్నది లేకుండా, పలకలన్నీ కొబ్బరితాడుతో కుట్టిన పడవ అది. ఆ తీరంలో అలాంటిది అదొక్కటే మిగిలింది. కొత్త జెట్టీ కోసం ఏప్రిల్ ఒకటో తారీకున ఒడ్డు ఖాళీ చేయిస్తామనీ, అప్పటికి అక్కణ్ణుంచి తీసేయని పడవల్ని విరిచేస్తామనీ నోటీసు వచ్చింది. జెట్టీ కట్టేవాళ్ల దృష్టిలో నీళ్లలోకి దిగని పడవ ఉత్త కలప.

ఇటలీ పెద్దమనిషి పేరు ఒరెస్తే మంజోలినీ. డెబ్బై ఒక్క ఏళ్లు. నలభై ఆరేళ్లలో ఇరవై మూడు సినిమాలు తీశాడు. అన్నీ తనే రాసుకున్నాడు, తనే నిర్మించుకున్నాడు. ఇరవై నాలుగోదే ఆఖరిదని ముందే చెప్పేశాడు. వాళ్ల నాన్న కూడా పడవలు కట్టే వడ్రంగే. ఇటలీలోని వాళ్ల ఊళ్లో ఇప్పుడు చెక్కపడవ చూద్దామన్నా లేదు. సినిమా అంతా తన దేశంలోనే తీసేసి, ముసలి వడ్రంగి పడవ సముద్రంలోకి దిగే నాలుగు నిమిషాల కోసం ఇంతదూరం వచ్చాడు. ఎర్రయ్య పడవ ఫోటో చూసిన రోజున అతను వెంటనే వస్తానని ఫోను చేశాడని నూకరాజు అందరికీ చెప్పుకునేవాడు.

ఛాయాపతిగారు దరఖాస్తు మీద వేలు పెట్టి చదివారు. “నిర్మాత, ఒరెస్తే మంజోలినీ. సంతోషం. రచయిత, ఒరెస్తే...” వేలు ఆగిపోయింది.

“ఇద్దరూ ఈయనేనండి బాబూ,” అన్నాడు నూకరాజు.

“అలా కుదరదు. పద్నాలుగో నిబంధన, మూడో ఉపనిబంధన. నిర్మాతయు, రచయితయు వేర్వేరు వ్యక్తులై ఉండవలెను. ఒకవేళ ఒక్కరే అయిన ఎడల, సదరు వ్యక్తిని ఇరువురుగా పరిగణించవలెను.”

“ఒక మనిషిని ఇద్దరని ఎలగ పరిగణిత్తారండి?”

“అది దస్త్రం చూసుకుంటుందయ్యా. మనం కంగారుపడకూడదు.”

రెండు దరఖాస్తులు రాయించారు. రెండు ఫోటోలు కావాలన్నారు, రెండూ ఒకలా ఉండకూడదన్నారు. ఒరెస్తేకి బడ్జెట్ కాగితాలు చూసేటప్పుడు కళ్లజోడు పెట్టుకోవడం, రాసేటప్పుడు తీసేయడం అలవాటు. జోడు పెట్టుకుని రాస్తే ప్రతి వాక్యం వెనకా ఖర్చు కనిపిస్తుందని అతని బాధ. అందుకని జోడున్న ఫోటో నిర్మాతకూ, జోడు లేనిది రచయితకూ అంటించారు. ఛాయాపతిగారు రెండింటినీ పక్కపక్కన పెట్టి చూసి, “పోలికే లేదు,” అని తృప్తిపడ్డారు.

మర్నాడు ఏకాంత విచారణ. రచయిత ఏ భయమూ లేకుండా నోరు విప్పాలి కాబట్టి, ఆ సమయంలో నిర్మాత వరండాలో బల్లమీద కూర్చోవాలి. ఒరెస్తే జోడు పెట్టుకుని పోయి బల్లమీద కూర్చున్నాడు. బంట్రోతు బయటికొచ్చి రచయితను పిలిచాడు. ఒరెస్తే జోడు తీసి బల్లమీదే పెట్టి లోపలికి వచ్చాడు. బంట్రోతు తలుపు మూస్తూ ఆ జోడుకేసి, “మీరు ఇక్కడే ఉండాలండి,” అని కటువుగా చెప్పాడు.

“మీ నిర్మాత తమరిని ఏ విధంగానైనా వేధించుట, కించపరచుట, తమ రచనను ఛిద్రము చేయుట జరిగినదా?” అని ఛాయాపతిగారు అడిగారు.

లేదు అని ఒక్క మాట చెప్పి వచ్చేయమని నూకరాజు ముందే నూరిపోశాడు. ఒరెస్తే కూడా సరేనన్నాడు. కానీ నలభై ఆరేళ్లలో ఆ ప్రశ్న అతన్ని ఎవరూ అడగలేదు. తన వంకర ఇంగ్లీషులో మొదలుపెట్టాడు. గంటన్నర మాట్లాడాడు. నూకరాజు తల పట్టుకుని ఒక్కొక్క ముక్కే తెలుగులోకి దించాడు.

మొదటి సినిమా బందిపోటు కథట. బందిపోటు తండ్రి పడవలు కడతాడని రచయిత రాస్తే, గుర్రాలు అద్దెకు దొరికేచోట సముద్రం లేదని నిర్మాత తండ్రిని కమ్మరిగా మార్చేశాడు. ఏడో సినిమా దెయ్యాలది. దెయ్యం పడవలో రావాలి. నిర్మాత గోడలోంచి రప్పించాడు, గోడ ఎలాగూ స్టూడియోలో ఉంది కాబట్టి. పదిహేనోది ప్రేమకథ. అమ్మాయీ అబ్బాయీ పడవను నీళ్లలోకి దించే పండగలో కలుసుకుంటారు. నిర్మాత వాళ్లను బట్టలుతికే దుకాణంలో కలిపాడు. ఇరవై రెండో సినిమాలో చివరికి పడవ తీశారు, తీసి మరీ కూర్పులో కోసేశారు. ప్రతిసారీ ఒకటే మాట, వచ్చే సినిమాలో పెడదాం అని.

“ఆయన చెడ్డవాడని అనను,” అన్నాడు ఒరెస్తే చివరికి. “కానీ మా నాన్నను ఇరవై మూడుసార్లు తీసేశాడు.”

నూకరాజు ఆ ముక్కను కూడా తెలుగులోకి దించాడు. ఛాయాపతిగారు లేచి వెళ్లి, పట్టికలోని సున్నాను ఆప్యాయంగా ఒకసారి తడిమి వచ్చారు.

మూడు రోజుల్లో ఉత్తర్వు వచ్చింది. ‘సదరు నిర్మాత అత్యంత క్రూరస్వభావుడని ప్రాథమికంగా తేలినందున, విచారణ ముగియువరకు రాష్ట్ర భూభాగమున చిత్రీకరణ జరుపరాదనియు, బాధిత రచయితకు రెండు వందల మీటర్ల లోపు రారాదనియు’ అందులో ఉంది. రచయిత రక్షణకు గొర్లె సన్యాసప్పడు అనే కానిస్టేబుల్‌ను వేశారు. అతను ప్రతి గంటకూ నిర్మాత, రచయితల మధ్య ఎడం ఎంతుందో నోటుపుస్తకంలో రాయాలి.

ఒకే హోటల్లో ఇద్దరూ ఉండకూడదు. నూకరాజు రెండో వీధిలో మరో లాడ్జిలో గది తీసి నిర్మాత సూట్‌కేసును అక్కడ పెట్టించాడు. సన్యాసప్పడు రచయిత వెంటే నీడలా తిరిగాడు. తిరిగేకొద్దీ అతని తల ప్రాణం తోకకొచ్చింది. టిఫినుకు పోయినచోట ఒరెస్తే కార్డు చదువుదామని జోడు పెట్టుకుంటే చాలు, కానిస్టేబుల్ కుర్చీలోంచి లేచి నిలబడేవాడు.

“నూకరాజుగారూ, నిర్మాత వచ్చేసినాడండి. ఏటి సెయ్యమంటారు?”

“ముందు కూకోరా బాబూ. ఆయన ఇడ్లీ తింతాడు.”

“తింటే తిన్నాడు. రెండు వందల మీటర్లని రాసుందండి నాకు. ఎడం ఎంతని రాసేది?”

ఒరెస్తే జోడు జేబులో పెట్టేసి, ఏమి తెచ్చిపెడితే అది తినేవాడు. అలా మూడు వారాలు కార్డు చదవకుండానే గడిపాడు.

ఈలోగా వార్త ఊరంతా పాకింది. స్థానిక రచయితల సంఘంవారు కార్యాలయం ఎదుట టెంటు వేసి, క్రూర నిర్మాతను అరెస్టు చేయాలని కూర్చున్నారు. బాధితుణ్ణి పిలిచి దండ వేశారు. ఒరెస్తేకి ఆ ఆదరణ చూసి కళ్లు చెమర్చాయి. మైకు అందుకుని తన నిర్మాత గుణగణాలను తెలిసినంతవరకు చెప్పాడు, తెలియనిదేముంది. జనం ‘నిర్మాత మంజోలినీ, డౌన్ డౌన్’ అంటే అతను కూడా పిడికిలెత్తి మూడుసార్లు అరిచాడు. నూకరాజు టెంటు కర్రను పట్టుకుని తారీకులు లెక్కపెట్టుకున్నాడు. పడవకు ఇంకా పదకొండు రోజులే ఉన్నాయి.

సిగ్గు విడిచి ఛాయాపతిగారి కాళ్లావేళ్లా పడ్డాడు.

“అయ్యా, ఒకటో తారీకుకి మా అయ్య పడవ ఇరిసేత్తారండి. ఆ నాలుగు నిమిషాలకీ ఒగ్గేయండి. తరవాత మీరు ఆయన్ని ఇద్దరు చెయ్యండి, నలుగురు చెయ్యండి, నానడగను.”

“పడవల రక్షణ సంవత్సరం వేరే శాఖవారు రెండేళ్ల క్రితమే దిగ్విజయంగా ముగించారు నూకరాజూ. ఇప్పుడు పడవలను కాపాడే అధికారం ఎవరికీ లేదు.”

“మరి మా సినిమా?”

“ఉత్తర్వులో స్పష్టంగా ఉంది. రాష్ట్ర భూభాగమున చిత్రీకరణ జరుపరాదు.”

నూకరాజు మెట్లు దిగుతూ ఆ మాటను రెండుసార్లు అనుకున్నాడు. భూభాగం అన్నారు. సముద్రం ఊసెత్తలేదు.

మార్చి ఇరవై ఏడున ఉదయం గంగడుపాలెం మొత్తం కలిసి పడవను నీళ్లలోకి తోసింది. వాళ్ల అయ్య పోయాక నూకరాజు తెడ్డు పట్టడం అదే మొదలు. చిన్నప్పుడు తాడు లాగి పలకలు బిగించిన చేతులు అవి. తెడ్డు పట్టగానే భుజాలకు పని గుర్తొచ్చింది. పక్క మరపడవలో కెమెరా, దాని వెనక ఒరెస్తే. గడియారం చూడటానికి జోడు పెట్టుకునేవాడు, పడవను చూడటానికి తీసేవాడు. మొదటి అల మీద ఎర్రయ్య పడవ లేచి, కుట్లన్నీ ఒక్కసారి కిర్రుమని, మళ్లీ నెమ్మదిగా దిగింది. సన్యాసప్పడికి నీళ్లంటే హడల్. ఒడ్డున గొడుగు కింద కూర్చుని పుస్తకంలో రాసుకున్నాడు. ‘ఇద్దరూ నీళ్లలో ఉన్నారు. అది నా పరిధి కాదు.’

మార్చి ముప్ఫై ఒకటిన లక్ష్య సంవత్సరం ముగుస్తుంది కాబట్టి తీర్పు కూడా ఆరోజే వచ్చింది. ఇకపై ఈ చిత్రంలో నిర్మాతగా మంజోలినీ పేరు కనిపించరాదు, చిత్రంపై అతనికి ఏ అధికారమూ ఉండరాదు. రచయితకు శాలువా కప్పి ఫోటో తీశారు. గోడమీద సున్నా పోయి ఒకటి వచ్చింది. దేశం దాటే ముందు ప్రతి సినిమా ప్రతినీ మండలికి జమచేసి, దానిమీద ముద్ర వేయించుకోవాలి. ఒరెస్తే హోటల్ గదిలో రాత్రింబవళ్లు కూర్చుని కూర్పు ముగించి ఆ సాయంత్రమే సినిమా పెట్టె అప్పజెప్పాడు. అందులో పడవ నాలుగు నిమిషాలూ ఉన్నాయి.

మర్నాడు యంత్రం వచ్చి, పెట్టడానికి వేరే చోటు లేక మళ్లీ అదే ఒడ్డుకు చేర్చిన ఎర్రయ్య పడవను విరిచేసింది. పావుగంట కూడా పట్టలేదు. నూకరాజు మూరెడు కొబ్బరితాడు తెచ్చుకుని జేబులో పెట్టుకున్నాడు. ఇక మా అయ్య పడవ ఆ పెట్టెలోనే ఉంది అనుకుని ఏడుపు ఆపుకున్నాడు.

ఆ వారంలోనే రోము నుంచి పంపిణీదారుల ఫోను. సినిమా నూట పద్నాలుగు నిమిషాలుంది, నూట పది దాటితే హాళ్లవాళ్లు తీసుకోరట. ఒరెస్తే ఫోను పెట్టేసి, జేబులోంచి జోడు తీసి పెట్టుకున్నాడు. నూకరాజుకు ఆ క్షణంలోనే తెలిసిపోయింది.

“పడవ తీసేద్దాం నూకా. అది లేకపోయినా కథ ఆగదు. ఆ పెట్టె వెనక్కి తీసుకుని వేరేది ఇద్దాం. పడవను వచ్చే సినిమాలో పెడదాం.”

“వచ్చే సినిమా లేదన్నారు గదండీ మీరు.”

ఒరెస్తే కిటికీ వైపు తిరిగి నిలబడ్డాడు.

నూకరాజుకు ఒళ్లు మండిపోయింది. ఇన్నాళ్లూ ఆ కార్యాలయాన్ని తిట్టని తిట్టు లేదు. ఆ నిబంధన రాసినవాడి చేతులు పడిపోవాలని శపించాడు కూడా. అలాంటివాడు తిన్నగా ఆటో ఎక్కి అక్కడికే పోయి, ఛాయాపతిగారి బల్లమీద రెండు చేతులూ ఆన్చి చెప్పాడు.

“అయ్యా, మీరన్నదే నిజమండి. ఆ నిర్మాత మహా క్రూరుడండి. రచయితను నలిపేత్తన్నాడు. మీరే కాపాడాల.”

ఛాయాపతిగారు జాలిగా చూసి గోడవైపు చెయ్యి చూపారు. పాత పట్టిక లేదు. దాని స్థానంలో కొత్త పట్టిక వేలాడుతోంది. ఈ ఏడాది నిర్మాతల ప్రోత్సాహ సంవత్సరం. రచయితల పెంకితనం వల్ల నిర్మాతలు కుంగిపోతున్నారని పైవారెవరో మరో సభలో విన్నారట. ‘కాపాడబడిన నిర్మాతలు’ గడిలో సున్నా నిగనిగలాడుతోంది.

“పోయిన నెల అతనే కదండీ క్రూరుడు,” అన్నాడు నూకరాజు నీరసంగా.

“పోయిన నెల పోయిన సంవత్సరం. నిర్మాతను రేపు పదింటికి తీసుకురా. రచయితను వరండాలోనే ఉంచు. బల్ల చాలుతుంది.”

ఈసారి ఒరెస్తే జోడుతోనే లోపలికి వచ్చాడు. వరండాలో బల్లమీద రచయిత తాలూకు చేతిరాత కాగితాలు పెట్టారు. బంట్రోతు వాటికి కాపలా ఉన్నాడు.

“మీ రచయిత తమరిని అసాధ్యమైన కోరికలతో వేధించుట జరిగినదా?”

నూకరాజు ఈసారి ఏమీ నూరిపోయలేదు. ఒరెస్తే జోడు తీయబోయి, మళ్లీ సరిచేసుకున్నాడు.

“నలభై ఆరేళ్లుగా ఒకే ఒక్క కోరిక కోరాడు,” అన్నాడు. “నేను ప్రతిసారీ వచ్చే సినిమాలో అన్నాను. మొన్న కూడా అన్నాను. అంటున్నప్పుడు నాకు తెలుసు, వచ్చే సినిమా లేదని. ఆయన మొహం చూడలేకపోతున్నానండి.”

ఛాయాపతిగారు గుమాస్తా వైపు తిరిగారు. “రాసుకోండి. రచయిత వేధింపుల వలన నిర్మాత తీవ్ర మనోవేదనకు గురై, రచయిత ముఖము చూచుటకు సైతము భయపడుచున్నాడు.”

మధ్యాహ్నానికల్లా ఉత్తర్వు తయారైంది. ఈ చిత్రంలో రచయితగా మంజోలినీ పేరు కనిపించరాదు, చిత్రంపై అతనికి ఏ అధికారమూ ఉండరాదు. సున్నా పోయి ఒకటి వచ్చింది. నిర్మాతకు కూడా శాలువా కప్పారు.

“మరి పాత ఉత్తర్వు రద్దేనా అండి?” అన్నాడు నూకరాజు.

“దస్త్రంలోకి వెళ్లిన ఉత్తర్వు రద్దు కాదు. రెండూ అమలులో ఉంటాయి.”

నూకరాజు బుర్ర మెల్లగా పని చేయడం మొదలెట్టింది. “అయితే మార్చి ముప్ఫై ఒకటిన జమచేసిన పెట్టె ఉంది కదండీ. దాన్ని మార్చి వేరేది ఇత్తామంటే?”

“ఎవరు అడగాలి? నిర్మాతకు అధికారం లేదు. రచయితకు అధికారం లేదు.” ఛాయాపతిగారు కుర్చీలో వెనక్కి వాలారు. “అడగగలవాడు భూమ్మీద లేడు. ఇంత నిర్దోషమైన దస్త్రం నా సర్వీసులో చూడలేదయ్యా. ఆ ప్రతి అలాగే వెళ్లాలి.”

నూకరాజు ఆ మాటను ఒరెస్తేకి ఇంగ్లీషులోకి దించాడు. ఒరెస్తే రోముకు చెబుదామని ఫోను తీసి, మళ్లీ జేబులో పెట్టేశాడు. తన సినిమాను తాను కోయలేని రోజు అతని జీవితంలో అదే మొదలు.

ముద్ర ఎత్తిన ఛాయాపతిగారి చెయ్యి గాల్లో ఆగింది. “ఒక చిక్కుంది. ఇరవై రెండో నిబంధన ప్రకారం చిత్రం మొదట్లో ఒక కర్త పేరైనా ఉండవలెను. ఇందులో ఇంకెవరైనా దేన్నైనా చేశారా?”

“పడవ మా అయ్య సేసినాడండి. మైలపిల్లి ఎర్రయ్య.”

“జీవించి ఉన్నారా?”

“లేడండి. పోయి తొమ్మిదేళ్లయింది.”

“శ్రేష్ఠం. ఆయనను ఎవరూ వేధించలేరు, ఆయన ఎవరినీ వేధించలేడు,” అని ఛాయాపతిగారు పేరు రాయించి ముద్ర గుద్దారు.

ఆ పేరు చేర్చిన ప్రతిని కార్యాలయంలోనే ఒక చిన్న తెరమీద వేసి సరిచూశారు. తెర నల్లగా వెలిగింది. నిర్మాత లేడు, రచయిత లేడు. రోమన్ అక్షరాల్లో ఒకసారీ, కింద తెలుగులో ఒకసారీ, ఎర్రయ్య పేరు మాత్రం వచ్చింది. పేరు చూడగానే నూకరాజు జేబులోని కొబ్బరితాడును గట్టిగా పట్టుకున్నాడు. చివర్లో పడవ వచ్చినప్పుడు, అల మీద లేచినప్పుడు, కుట్లు కిర్రుమన్నప్పుడు, ఒరెస్తే జోడు తీసి తుడుచుకుని మళ్లీ పెట్టుకున్నాడు, మళ్లీ తీశాడు. భుజాలు కదులుతున్నాయి.

వెనక కుర్చీలో సన్యాసప్పడు నోటుపుస్తకం తెరిచాడు. అతని డ్యూటీ ఇంకా ఎవరూ రద్దు చేయలేదు.

“నూకరాజుగారూ,” అన్నాడు మెల్లగా. “ఎవరు ఏడుత్తన్నారని రాయమంటారు? నిర్మాతా, రచయితా?”

“ఇద్దరూ అని రాయి.”

సన్యాసప్పడు రాశాడు. “మరి ఎడమండి?”

నూకరాజు తెరమీంచి కళ్లు తిప్పలేదు. “ఎడమేటీ లేదని రాసీ,” అన్నాడు.